పౌడరు మిల్లు దయ్యం

నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. పులివెందుల హైస్కూల్లో నా దగ్గర ఇంగ్లీషు చదువుకున్న పిల్లల్లో ఎవరినడిగినా ఈ మాటే చెబుతారు. చర్చిలో క్రిస్మస్ నాటకం నేర్పే పని నా నెత్తిన పెట్టేటప్పుడు పాస్టరయ్య కూడా, "పండగ పూట ఎవర్నీ ఏడిపియ్యొద్దు టీచరమ్మా" అని నవ్వుతూ ముందే చెప్పుకున్నాడు. తిట్టకుండా నేర్పడం నాకు చేతకాలేదు. తిట్టి నేర్పినా ఐదేళ్ళు వరసగా ఓడిపోయాం.

ఓడిపోవడం అంటే జమ్మలమడుగులో. పండగకు మూడు నాలుగు రోజుల ముందు చుట్టుపక్కల సంఘాలన్నీ అక్కడ ఒక హాల్లో చేరి సెమీ క్రిస్మస్ చేసుకుంటాయి. పొద్దున పాటలు, వాక్యం, మధ్యాహ్నం బిర్యానీ, తర్వాత నాటకాల పోటీ, గెలిచినవాళ్ళకు ఒక షీల్డు. ప్రతి సంఘమూ క్రీస్తు పుట్టిన అదే పశువుల పాక తెస్తుంది. నెత్తిన టవలు చుట్టుకున్న గొల్లలు, అట్ట కిరీటాలు పెట్టుకున్న ముగ్గురు జ్ఞానులు, గోనెసంచి తొడిగిన గాడిద. బిర్యానీ తిని కూర్చున్న జడ్జీలకు నాలుగో పాక వచ్చేసరికి కునుకు పట్టేది. వాళ్ళను కునుకు తియ్యనివ్వగూడదని ఆ ఏడు నేను పంతం పట్టాను.

మా స్కూలు లైబ్రరీలో పిల్లల కోసం కుదించిన ఒక పాత ఇంగ్లీషు కథ ఉంది. పండగంటే గిట్టని పిసినారి వ్యాపారి ఒకడు. క్రిస్మస్ ముందు రాత్రి, ఏళ్ళ కిందట చచ్చిపోయిన అతని భాగస్తుడు గొలుసులు ఈడ్చుకుంటూ వచ్చి, నా గతి నీకూ పడుతుందని హెచ్చరించిపోతాడు. ఆ వెనకే మూడు దయ్యాలొస్తాయి. ఒకటి గడిచిన కాలం చూపిస్తుంది, ఒకటి ఇప్పటి కాలం, ఆఖరుది రాబోయే కాలం. తెల్లవారేసరికి ముసలాయన మారిపోయి ఉంటాడు. కథంతా ఇంతే. దీన్ని మన ఊరికి తెచ్చి, ముసలాయన్ను చీనీకాయల, అంటే బత్తాయిల, మండీ యజమానిని చేసి నేనే నాటకం రాశాను.

పాస్టరయ్య మొదట ఒప్పుకోలేదు. "క్రీస్తు పుట్టిన పండక్కి దయ్యాలేందమ్మా, జనం ఏమనుకుంటారు" అన్నాడు. "అయ్యా, ఇవి పట్టుకొని పీడించే దయ్యాలు కావు, మారుమనస్సు పొందమని చెప్పే దయ్యాలు" అన్నాను. మారుమనస్సు అన్నాక ఆయన కాదనలేడని నాకు తెలుసు.

ఆ నవంబరులో ఆదివారం మధ్యాహ్నాలు వేషాలు వేసేవాళ్ళందరినీ మా ఇంట్లో కూర్చోబెట్టి ఆ కథ మీద వచ్చిన సినిమాలు టీవీలో చూపించాను. ఎన్ని తీశారో లెక్కే లేదు. నలుపు తెలుపులో ఒకటి, బొమ్మలతో ఒకటి, కార్టూను ఒకటి, కంప్యూటరుతో చేసింది ఇంకొకటి. ఒక దాంట్లో గడిచిన కాలం దయ్యం దీపం పెట్టుకున్న చిన్నపిల్ల, ఇంకో దాంట్లో తెల్లగడ్డం ముసలాయన. ఇప్పటి కాలం దయ్యం ఎందులో చూసినా బొజ్జేసుకొని విందు ముందర కూర్చుని ఉండేది. రాబోయే కాలం దయ్యానికి ముఖం ఉండదు, మాటా ఉండదు, వేలు చూపిస్తుంది అంతే. మావాళ్ళు ఒక్కదానికీ భయపడలేదు. "ఇదేం దయ్యమప్పా, దోమతెర కప్పుకొని వచ్చినట్టుంది" అని పడీపడీ నవ్వారు.

ఒక్కచోట మాత్రం నవ్వు ఆగిపోయింది. చచ్చిపోయిన భాగస్తుడు వచ్చేటప్పుడు అతని గడ్డం కింద నుంచి నడినెత్తి దాకా ఒక గుడ్డ కట్టి ఉంటుంది. ఆ గుడ్డ ఎందుకో అక్కడివాళ్ళకు చెప్పాల్సి వస్తుందేమో గాని మావాళ్ళకు చెప్పనక్కర్లేదు. మనిషి పోయిన వెంటనే నోరు తెరుచుకోకుండా దవడ కట్టు కడతాం, కాలి బొటనవేళ్ళు రెండూ కలిపి కడతాం. ఇంట్లో ఎవరికో ఒకరికి చేతులారా కట్టినవాళ్ళే అందరూ. మన నాటకానికి ఈ దయ్యమే ప్రాణమని నాకు అప్పుడు తెలిసింది.

ఆ సమయంలోనే మా చర్చికి వచ్చే ఒకాయన మా వాకిట్లోకి వచ్చాడు. ఇంటరు రెండో ఏడు చదివే ఆయన కూతురు మా నాటకంలో గడిచిన కాలం దయ్యం. ఆమెను ఇంటికి పిలుచుకుపోవడానికి వచ్చాడు. ఆయన పని ఊరి బయట పౌడరు మిల్లులో. గనుల నుంచి లారీల్లో వచ్చే ముగ్గురాయిని అక్కడ పిండి చేసి సంచులకెత్తుతారు. సంచి మూతి పట్టుకొని నింపే పని ఆయనది, పద్దెనిమిదేళ్ళుగా. ఆదివారం కూడా మిల్లు తిరుగుతుంది. ఆ రోజు మిల్లు దగ్గర నీళ్ళు రాలేదేమో, కడుక్కోకుండానే వచ్చేశాడు. వెంట్రుకలు, కనుబొమ్మలు, చెవుల మీది నూగు అన్నీ తెల్లగా ఉన్నాయి. కళ్ళు మాత్రం ఎర్రగా ఉన్నాయి. ఒక పిల్ల తలుపు వైపు తిరిగి చూసి కెవ్వుమంది.

మా ఇంటికి ఐదు మెట్లు. ఐదూ ఎక్కి గడప పట్టుకొని నిలబడ్డాక ఆయన ఊపిరి వినబడింది. లోపలికి పోయేటప్పుడు సన్నటి ఈల, బయటికి వచ్చేటప్పుడు అడుగున ఏదో గీకినట్టు గరగర. టీవీలో దయ్యం అరుస్తూనే ఉంది, ఎవరూ దాని వైపు చూడటం లేదు. నా ఒంటి మీద వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి. భయంతో కాదు. సిగ్గు విడిచి చెబుతున్నాను, సంతోషంతో.

"అన్నా, ఈ సంవత్సరం నువ్వు వేషం వెయ్యాల" అన్నాను.

"నేనా? నాకు అక్షరం రాదు టీచరమ్మా. డైలాగులు యాడ చెప్పేది?"

"నాలుగు మాటలు అంతే. నేను నేర్పిస్తా."

ఆయన కూతురి వైపు చూశాడు. ఆ పిల్ల మురిసిపోయింది. తండ్రీ కూతుళ్ళు ఒకే నాటకంలో వెయ్యడం మా చర్చిలో అంతకుముందు జరగలేదు. అలా ఒప్పుకున్నాడు.

సాయంత్రం ఆరింటికి మిల్లు దిగి నేరుగా చర్చికి వచ్చేవాడు. మేకప్పు అక్కర్లేదు కాబట్టి కడుక్కోవద్దని నేనే చెప్పాను. పని దిగేటప్పుడు మిల్లులో తలా ఒక బెల్లం గడ్డ పెడతారు. బెల్లం తింటే గొంతులో దుమ్ము కడుపులోకి జారిపోతుందని అక్కడందరి నమ్మకం. చదువుకున్నదాన్ని అయ్యుండీ నేనూ అదే నమ్మేదాన్ని. ఆయన తన గడ్డను తినకుండా జేబులో తెచ్చి పిల్లలకు తుంచి పెట్టేవాడు.

థర్మోకోలు గొలుసు చప్పుడు చెయ్యదని, వెల్డింగు షాపు మామ దగ్గర ట్రాక్టరు గొలుసు తెచ్చి ఆయన నడుముకు చుట్టాను. దాన్ని ఈడ్చుకుంటూ స్టేజీ ఈ చివర నుంచి ఆ చివరకు నడవాలి. సగం దూరం వచ్చేసరికి ఊపిరి మొదలయ్యేది. అంతకుముందు ఫోన్లో గాలిహోరు, తలుపు కిర్రు అన్నీ దింపి పెట్టుకున్నాను. అవన్నీ తీసేశాను. ఆయన వస్తుంటే ఇంకే చప్పుడూ వద్దు.

"ఆ గాలి ఎట్ల తీస్తాండావన్నా? ఇంగోరికి నేర్పియ్యి కొంచెం" అన్నాను ఒక రోజు, అందరి ముందర మెచ్చుకుంటూ.

"నేను తీసేదేముంది టీచరమ్మా. అదే వస్తాంది" అన్నాడు.

అందరూ నవ్వారు. ఆయనా నవ్వాడు, నవ్వు మధ్యలో దగ్గు వస్తే తిరిగి గోడ పట్టుకున్నాడు. నేను అది వినయం అనుకున్నాను. మా ఊళ్ళో మిల్లు మనిషి దగ్గడం, కుక్క మొరగడం ఒకటే, ఎవరూ తలెత్తి చూడరు.

దవడ కట్టు దగ్గర మాత్రం ఆయన భార్య అడ్డం పడింది. రిహార్సలు చూడటానికి వచ్చి ముందు వరసలో కూర్చుని ఉంది. నేను తెల్లగుడ్డ మడిచి ఆయన గడ్డం కింద పెట్టగానే లేచి వచ్చేసింది. "బతికుండే మనిషికి ఆ కట్టు కట్టగూడదు టీచరమ్మా. వద్దు" అంది. నాకు ఒళ్ళు మండింది. "నువ్వూ చర్చికి వచ్చేదానివే కదమ్మా, ఈ మూఢనమ్మకాలేంది?" అని అందరి ముందరా కసిరాను. ఆమె పోయి కూర్చుంది. నేను గుడ్డ బిగించి నడినెత్తిన ముడేశాను. ఆయన ముక్కుతో ఊపిరి తియ్యాల్సి వచ్చింది, ఈల ఇంకా సన్నగా, ఇంకా బాగా వినబడింది.

డిసెంబరు మొదటి వారంలో ఆ రిహార్సలు ఫోన్లో తీసి ప్రొద్దుటూరులో ఉండే మా అక్కకు పంపాను. ఆమె మా చిన్నమ్మ కూతురు, ఊపిరితిత్తుల డాక్టరు దగ్గర నర్సు. గొప్ప చెప్పుకోవడానికే పంపాను, వేరే ఏమీ లేదు. పది నిమిషాల్లో ఆమె ఫోను.

"ఎవురే ఆ మనిషి?"

"మా చర్చి ఆయన. పౌడరు మిల్లులో చేస్తాడు. ఎట్లుంది మా దయ్యం?"

"అది యాక్షన్ కాదే. ఊపిరి తీసినప్పుడల్లా గొంతు కింద గుంట పడతాంది చూడు." వీడియో మళ్ళీ చూస్తున్నట్టుంది. "గోళ్ళకు నీలం రంగు నువ్వే పూసినావా?"

నేను గోళ్ళకు రంగు పుయ్యలేదు. అసలు ఆయన ఒంటికి నేను ఏ రంగూ పుయ్యలేదు.

"ఆఁ, నేనే" అన్నాను.

ఆ మాట నా నోట్లోంచి ఎందుకు వచ్చిందో ఇప్పటికీ సరిగ్గా చెప్పలేను. పోటీకి పదిహేడు రోజులుంది. ఆ వేషానికి ఇంకో మనిషి లేడు. ఆసుపత్రికి పోతే ఏదో ఒకటి అంటారు, భార్య నాటకం మాన్పించేస్తుంది, కూతురూ మానేస్తుంది. ఇదంతా ఆ ఒక్క క్షణంలో నా బుర్రలో గిర్రున తిరిగి ఉండాలి. అక్క నమ్మిందో లేదో గాని, "ఏదేమైనా రేపే తోలుకొనిరా. రేపు కాకపోతే ఎల్లుండి. నేను డాక్టరుకు చెప్పి పెడతా" అంది. సరే అన్నాను. మళ్ళీ రెండుసార్లు ఫోను చేసింది, స్కూల్లో పరీక్షలున్నాయని చెప్పాను. మూడోసారి ఎత్తలేదు.

అప్పటి నుంచి నేను ఆయన గోళ్ళే చూసేదాన్ని. గొలుసు పట్టుకునేటప్పుడు, బెల్లం తుంచేటప్పుడు. ముగ్గురాయి తెలుపు కింద కూడా ఆ నీలం తెలిసేది. మెడ కింద గుంట పడటం అక్క చెప్పేదాకా నాకు కనబడలేదు, చెప్పాక అది తప్ప ఇంకేమీ కనబడలేదు. రిహార్సల్లో నేను తిట్టడం మానేశాను. టీచరమ్మ మారిపోయిందని పిల్లలు గుసగుసలాడారు. నేను ఆయనకు కుర్చీ వేయించాను, ఫ్లాస్కులో వేడినీళ్ళు తెచ్చాను, నాలుగు డైలాగులను రెండు చేశాను. ఇంత చూసుకుంటున్నాను కదా అని నాకు నేను చెప్పుకున్నాను. ఒక్క గొలుసు మాత్రం తియ్యలేదు.

పోటీకి ఇంకా ఆరు రోజులుందనగా ఆయన భార్య స్కూలుకు వచ్చింది. ఇంటర్వెల్లో వరండాలో నిలబడి ఉంది. చేతులు కొంగులో చుట్టుకొని నా ముఖం వైపు చూడకుండా మాట్లాడింది.

"ఈన రాత్రిపూట పడుకోడంల్యా టీచరమ్మా. పండుకుంటే ఊపిరి ఆడదంట. గోడకు ఆనుకొని కూర్చునే నిద్రపోతాండాడు. మనిషి శానా చిక్కిపోయినాడు. ప్రొద్దుటూరు పోదాం పా అంటే నాటకం కానీ అంటాడు. నీ మాటైతే వింటాడు. నువ్వు చదువుకున్నదానివి. ఈ నాటకం వద్దంటావా, చెప్పు. నువ్వు వద్దంటే వద్దు."

ఆమె నన్ను అడిగింది. ఇంతకంటే తేలిగ్గా ఎవరూ అడగలేరు. ఒక్క మాట అంటే చాలు. బడి గంట కొట్టడానికి ఇంకా ఐదు నిమిషాలుంది.

"చలికి అట్లనే ఉంటాదమ్మా. ఆవిరి పట్టించు. పండగ అయినాక నేనే తోలుకొని పోతా ప్రొద్దుటూరుకు" అన్నాను.

ఆమె ముఖం తేటపడింది. "నువ్వే పోతానంటే ఇంగేం భయం" అని చెప్పి వెళ్ళిపోయింది. నేను తేలు కుట్టిన దొంగలా తొమ్మిదో తరగతిలోకి పోయి ఆ పూటంతా పిల్లల చేత చూచిరాత రాయించాను.

జమ్మలమడుగులో మా వంతు మధ్యాహ్నం మూడింటికి వచ్చింది. పట్టపగలు దయ్యాలను దించాలంటే చీకటి కావాలి కాబట్టి హాలు కిటికీలకు లారీ టార్పాలిన్లు కట్టించాను. గాలి లేదు. రెండు మూడు వందల మంది ఉక్కలో కూర్చున్నారు. బస్సులో వచ్చేటప్పుడే ఆయన పెదాలు నల్లబడి ఉన్నాయి. పొద్దున్నే మిల్లుకు పోయి ఒక గంట పని చేసి, ఒంటి నిండా పొడి పట్టించుకొని మరీ వచ్చాడు. నా కోసం. నేను అడగకపోయినా.

చీనీ మండీ యజమాని మంచం మీద కూర్చుని ఉన్నాడు. గొలుసు చప్పుడు మొదలైంది. దాని వెనక ఆ ఊపిరి. మైకు పెట్టలేదు, ఐనా చివరి వరస దాకా పోయింది. నవ్వుకుంటూ, కేకు పొట్లాలు విప్పుకుంటూ ఉన్న జనం అట్లే ఆగిపోయారు. ఒక పసిబిడ్డ ఏడుపు ఎత్తుకుంటే తల్లి నోరు మూసింది. ఆయన ఒక్కో అడుగు వేస్తున్నాడు. ఆ అడుగులు నేను తెర పక్కన నిలబడి లెక్కపెట్టుకుంటున్నాను. రిహార్సల్లో పన్నెండు అడుగులు, ఇక్కడ ఇరవై దాటింది. ముందు వరసలో ఒక ముసలమ్మ లేచి నిలబడింది. "ఆ నాయన్ను కూర్చోబెట్టండప్పా" అంది, మామూలు గొంతుతో. అందరూ ఉష్షుమన్నారు.

ఆయన మంచం దాకా చేరుకున్నాడు. దవడ కట్టు సడలించుకొని, నేను నేర్పిన రెండు మాటలూ తప్పు పోకుండా అన్నాడు. "నేను మారలేకపోయినా. నీకింగా టైముండాది."

తెర వెనక్కి వచ్చాక మోకాళ్ళ మీద కూర్చుండిపోయాడు. దగ్గు. చప్పుడు బయటికి పోకూడదని ఆ గుడ్డనే నోటికి అడ్డం పెట్టుకున్నాడు. తీసినప్పుడు దాని మీద నెత్తురుంది. కొంచెం కాదు. ఆయన నా వైపు చూసి, ఫర్వాలేదన్నట్టు చెయ్యి ఊపాడు. తర్వాత రావాల్సిన దయ్యం ఆయన కూతురే. ఆ పిల్ల అటువైపు తెర వెనక దీపం పట్టుకొని నిలబడి ఉంది, ఆమెకు ఇదేమీ కనబడలేదు. నా చేతిలో తెర తాడుంది. దించేసి ఉండొచ్చు. నేను ఆ పిల్లకు స్టేజీ మీదికి పొమ్మని సైగ చేశాను. మూడు దయ్యాలూ వచ్చి పోయేదాకా, ముసలాయన మారిపోయి చీనీపండ్లు పంచేదాకా, ఇరవై ఐదు నిమిషాలు ఆ తాడు పట్టుకొనే నిలబడ్డాను.

షీల్డు మాకే వచ్చింది. ఆ ఊపిరి గురించి జడ్జీ ఒకాయన మైకులో ప్రత్యేకంగా చెప్పాడు. సినిమాల్లో కూడా ఇట్లాంటి దయ్యాన్ని చూడలేదన్నాడు.

మరుసటి రోజు పొద్దున ఆయన్ను, భార్యను ప్రొద్దుటూరుకు తీసుకుపోయాను. డాక్టరు ఎక్స్‌రే వెలుతురుకు పెట్టి చాలాసేపు చూశాడు. రెండు ఊపిరితిత్తుల నిండా తెల్లగా చుక్కలు, పై భాగంలో గడ్డలు కట్టినట్టు. రాయిపొడి లోపల పేరుకుపోయింది, దానికి మందు లేదు, దాని మీద టీబీ చేరింది, దానికి మందుంది, అని విడమరిచి చెప్పాడు. "ముందే వచ్చి ఉంటే ఇంత పాకేది కాదు" అన్నాడు.

"ఎంత ముందు సార్?" అన్నాను. అడగకుండా ఉండాల్సింది.

"రెండు మూడు వారాలు ముందొచ్చినా కొంత మేలుండేది. ఇప్పుడు అనుకొని ఏం లాభం, మందులు మొదలుపెడదాం."

మా అక్క అక్కడే ఉంది, డాక్టరు పక్కన ఫైలు పట్టుకొని. ఆయన చేతిని తన చేతిలోకి తీసుకొని గోళ్ళు చూసింది. దుమ్ము కడిగేసిన చెయ్యి, నీలం స్పష్టంగా ఉంది. తర్వాత నన్ను చూసింది. నాలుగు తిట్టి ఉంటే నాకు కొంత నయంగా ఉండేది.

బయట బెంచీ మీద కూర్చున్నప్పుడు ఆయన అడిగాడు. "నీకెప్పుడు అనుమానమొచ్చింది టీచరమ్మా?"

"నిన్ననే అన్నా, నెత్తురు చూసినాక."

"దేవుడు నీ కండ్లకు చూపించినాడు. ల్యాకుంటే నేను యాడ వచ్చేవాడిని" అన్నాడు. భార్య నా రెండు చేతులూ పట్టుకొని కళ్ళకద్దుకుంది.

తర్వాత ఆయన పద్నాలుగు నెలలు బతికాడు. టీబీ మందులు మింగాడు, మిల్లు మానేశాడు, ఇంటి ముందర కుర్చీలో కూర్చుని వచ్చేపోయేవాళ్ళను పలకరించేవాడు. చూడటానికి వచ్చిన మిల్లువాళ్ళందరికీ టీచరమ్మే నన్ను కాపాడిందని చెప్పేవాడు. ఆఖరు రెండు నెలలు ఆక్సిజన్ సిలిండరు పెట్టుకొనే ఉన్నాడు. మరుసటి క్రిస్మస్‌కు కొత్త కుర్రాళ్ళు పశువుల పాక వేశారు. నాటకం నేర్పనని పాస్టరయ్యకు చెప్పేశాను, ఆరోగ్యం బాగాలేదని.

ఆయన పోయిన నలభయ్యో రోజు జ్ఞాపకార్థ కూడిక పెట్టారు. మా సంఘంలో అలాంటప్పుడు సాక్ష్యం చెప్పడం ఆచారం. ఒక్కొక్కరే లేచి, దేవుడు తమకు చేసిన మేలు అందరి ముందరా చెప్పాలి. ఆయన భార్య లేచింది. "నా పెనిమిటిని ఇంగా పద్నాలుగు నెలలు నా కండ్ల ముందర పెట్టినాడు దేవుడు, టీచరమ్మ చేతుల మీదుగా. ఆ తల్లి చూడకుంటే ఆ పండగకే పోయేవాడు" అని ఏడ్చింది. అందరూ ఆమెన్ అన్నారు. తర్వాత నా వైపు తిరిగారు. ఇక చెప్పేద్దామనే లేచాను. బైబిలు తెరిచాను. ఒక కీర్తన వచనం చదివి కూర్చున్నాను. నా మీద నాకు కలిగినంత అసహ్యం ఇంకెవరి మీదా కలగలేదు ఈ జన్మలో.

కూతురు నర్సింగులో చేరింది, ప్రొద్దుటూరులోనే. మొన్న ఆగస్టులో మా అక్క ఫోను చేసింది. "ఆ పిల్లను మా దగ్గరకే ట్రైనింగుకు వేసినారు. వాళ్ళ నాయన ఫైలు తీసి చూస్తాంది. నన్ను అడిగితే నేను అబద్ధం చెప్పను, ఇప్పుడే చెప్తాండా" అంది. మరుసటి ఆదివారం చర్చికి పోకుండా ప్రొద్దుటూరు బస్సెక్కాను.

ఆ పిల్ల హాస్టలు బయటికి వచ్చింది. ఎదురుగా హోటల్లో కూర్చున్నాం. మధ్యాహ్నం పన్నెండు, టిఫిన్లు అయిపోయి భోజనాలు ఇంకా మొదలుకాని వేళ. అంతా చెప్పాను. వీడియో, ఫోను, పదిహేడు రోజులు, బడి వరండా, తెర తాడు. ఒక్కటీ దాచలేదు. ఆ పిల్ల టీ తాగలేదు, గ్లాసు మీద చెయ్యి పెట్టుకొని వింది.

"గోళ్ళు నీలంగా ఉంటే రంగు పూసినానని చెప్పినారా?" అని అడిగింది. గోళ్ళు నీలంగా మారడమంటే ఏమిటో ఆమెకు ఇప్పుడు పుస్తకంలో ఉంది, పరీక్షలో వస్తుంది.

"చెప్పినా."

"మా యమ్మ వచ్చి వద్దంటావా అని అడిగింది కదా."

"అడిగింది."

గ్లాసు పక్కకు జరిపింది. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండునని కూడా అనుకున్నాను. వచ్చేటప్పుడు దారి పొడవునా ఆ తిట్లకే సిద్ధపడి వచ్చాను.

"మా యమ్మకు చెప్పొద్దండి మేడమ్" అంది.

"చెప్తా తల్లీ. రేపే వస్తా మీ ఇంటికి. కాళ్ళ మీద పడతా."

"వద్దంటాండా కదా. మీ మీద దయతో కాదు. నాయన పోయినాక మా యమ్మ మూడు దినాలు ముద్ద ముట్టలేదు. ఆ పద్నాలుగు నెలలు మీరిచ్చినారనే ఒక్క మాట పట్టుకొని లేచింది. అది కూడా మీరే లాగేసుకుంటే ఆమెకేం మిగుల్తాది? మీకేమో చెప్పేస్తే తేలికైతాది." లేచి నిలబడి చున్నీ సర్దుకుంది. "మీరు తేలిక కావద్దు మేడమ్. ఆమె దండం పెట్టినప్పుడల్లా పెట్టించుకోండి."

టీకి డబ్బులు కూడా నన్ను ఇవ్వనియ్యలేదు.

ఆమె చెప్పినట్టే చేస్తున్నాను. ప్రతి ఆదివారం చర్చిలో వాళ్ళమ్మ నా కోసం చూసి, నా పక్కనే చాప మీద కూర్చుంటుంది. ప్రార్థన అయిపోగానే నా చెయ్యి కళ్ళకద్దుకుంటుంది. నేను లాక్కోను. నేను రాస్తున్న ఈ పుస్తకం అచ్చయి వచ్చాక మా అక్క చదువుతుంది, ఆ పిల్ల చదువుతుంది, పాస్టరయ్యా చదువుతాడు. వాళ్ళలో ఎవరూ ఆమెకు చదివి వినిపించరు. ఆమెకు అక్షరం ముక్క రాదు. ఆ ధైర్యంతోనే ఇదంతా రాశాను.